ఎనభై ఒక్క కిలోల పైన

మా రోజుల్లో ఎనభై కిలోలు దాటిన మనిషి ఊరికి ఒకడో ఇద్దరో ఉండేవారు. వాళ్ళకి పని తప్పేది కాదు. బురదలో దిగబడ్డ లారీని నెట్టాలన్నా, పెళ్ళింట్లో అన్నం గుండిగ పొయ్యి మీంచి దించాలన్నా ముందు వాళ్ళకే కబురు వెళ్ళేది. ఇప్పుడు సాయంత్రం పూట ఉప్పల్ చౌరస్తాలో ఆ స్కైవాక్ ఎక్కి కాసేపు నిలబడండి. వచ్చే పోయే కుర్రాళ్ళలో ఎంతమందిని చూసినా ఆ బరువుకి అటూ ఇటూగానే కనిపిస్తారు. కొందరికి కండ, కొందరికి పొట్ట, అదృష్టవంతులకి రెండూ. మనుషులు ఇంత బరువెక్కిన కాలం నేనెరగను. హెవీవెయిట్ బాక్సింగ్‌లో మాత్రం మన దేశానికి ఏషియాడ్ బంగారం చివరిసారి వచ్చింది 1982లో. ఈ రెండు ముక్కలూ పక్కపక్కన పెట్టి చూస్తే నాకు బీపీ పెరుగుతుంది. "గుద్దుకునేది వాళ్ళు, మాత్ర వేసుకునేది మీరు" అని మా ఆవిడ గొణుగుతుంది. గొణగనీయండి. ఈ ఇంట్లో గొణిగే హక్కు నా ఒక్కడిదేనని నేనెప్పుడూ అనలేదు.

డెబ్బైల్లో భువనగిరి వైపు నుంచి వచ్చి నాచారం ఇండస్ట్రియల్ ఏరియాలో ఫిట్టర్‌గా చేరినవాణ్ణి నేను. అప్పటికి ఉప్పల్ అంటే పట్నం అయిపోయే చోటు. అటుపైన వరి మళ్ళు, ద్రాక్షతోటలు, వరంగల్ రోడ్డు. నాచారంలో షిఫ్టు సైరన్ మోగితే సైకిళ్ళు వరదలా వచ్చేవి. ఆ తర్వాత ఎన్టీఆర్ గారి రామకృష్ణ స్టూడియో కూడా మా నాచారంలోనే వచ్చింది. గదలు భుజాన వేసుకున్న ఎక్స్‌ట్రా నటులు గేటు దగ్గర బీడీలు కాల్చుకుంటుంటే, భీముడూ దుర్యోధనుడూ మా పేటవాళ్ళే అన్నంత చనువు మాకు. పెద్ద మనిషి పెద్ద మనిషిని కొట్టడంలో ఉన్న రుచి తెలుగువాడికి ఒకరు చెప్పాలా?

మా క్యాంటీన్‌లో కీచకుడి తర్వాత అంతగా మాట్లాడుకున్నది మహమ్మద్ అలీ గురించే. 1974లో ఫోర్‌మన్‌ని పడగొట్టాడన్న వార్త వచ్చిన రోజు టీ చల్లారిపోయినా ఎవరూ పట్టించుకోలేదు. మా షాపులో ఒక టర్నర్ ఉండేవాడు, ఉర్దూ పేపరు, ఇంగ్లీషు పేపరు రెండూ చదివేవాడు. ఆయన చెబితే తెలిసింది, ఈ ఫోర్‌మన్ అనేవాడు 1968లో మెక్సికో ఒలింపిక్స్‌లో హెవీవెయిట్ బంగారం కొట్టి వచ్చినవాడని. అంతకుముందు 1964లో టోక్యోలో కొట్టినవాడు ఫ్రేజియర్. డబ్బుల ఆట ఆడకముందు వాళ్ళంతా బనియన్ తొడుక్కుని, మూడే మూడు రౌండ్లు, ఒక పతకం కోసం కొట్లాడినవాళ్ళే. అసలైన హెవీవెయిట్ పోటీ అదేనని ఆ టర్నర్ వాదన. పదిహేను రౌండ్లయితే అలసట కూడా సగం పని చేసిపెడుతుంది. మూడు రౌండ్లు, ఒక్కోటి మూడు నిమిషాలు అంటే దాక్కోవడానికి సందు లేదు. ఆ ముక్క నా బుర్రలో అప్పుడు పడ్డది పడ్డట్టే ఉంది.

అప్పట్లో లెక్క తేలిక. ఎనభై ఒక్క కిలోలు దాటితే హెవీవెయిట్. పై హద్దు లేదు. నువ్వు ఎనభై రెండు ఉన్నా, నూటపది ఉన్నా ఒకే రింగు, ఒకే పతకం. 1980 మాస్కో ఒలింపిక్స్ దాకా ఇదే వరస. ఆ కాలానికి రాజు క్యూబావాడు టియోఫిలో స్టీవెన్సన్. 1972, 1976, 1980, మూడు ఒలింపిక్స్‌లో మూడు బంగారాలు. అలీతో కొట్లాడితే లక్షల డాలర్లిస్తామని అమెరికా వాళ్ళు వెంటబడినా కదల్లేదు. 1984లో లాస్ ఏంజెల్స్ నుంచి దాన్ని రెండు ముక్కలు చేశారు. ఎనభై ఒకటి నుంచి తొంభై ఒకటి దాకా హెవీవెయిట్, ఆ పైన సూపర్ హెవీవెయిట్. పారిస్ 2024కి వచ్చేసరికి గీత తొంభై రెండు దగ్గర. కొత్తగా వచ్చిన వరల్డ్ బాక్సింగ్ అనే సంఘం 2025లో మళ్ళీ చెరిపి తొంభై అంది. కిరాణా కొట్టు రేట్ల బోర్డుకైనా ఇంతకన్నా నిలకడ ఉంటుంది.

బరువు తూచే పొద్దు గురించి చెప్పాలి. మా బావమరిది తిరుమలగిరిలో ఈఎంఈ సెంటర్‌లో ఉండేవాడు. మిలిటరీ వాళ్ళకి బాక్సింగంటే పండగ. ప్రతి కంపెనీ ప్రతి బరువులోనూ ఒకణ్ణి దింపాల్సిందే. ఒకసారి నన్ను పొద్దున్నే తీసుకెళ్ళాడు. చిన్న బరువుల పిల్లలు రాత్రి నుంచి నీళ్ళు కూడా ముట్టలేదు. రెండు స్వెట్టర్లు వేసుకుని, పైన రెయిన్‌కోటు తొడుక్కుని పరుగెత్తుతున్నారు. ఒకడు త్రాసు ఎక్కబోయే ముందు చొక్కా తీశాడు, లుంగీ తీశాడు, చివరికి మెళ్ళో తాయెత్తు కూడా తీసి స్నేహితుడి చేతిలో పెట్టాడు. అదే వరండాలో ఒక మూల హెవీవెయిట్ కూర్చున్నాడు. మామూలు రోజుల్లో వంటశాలలో పని. ముందు పూరీల పళ్ళెం, పక్కన గ్లాసుడు పాలు. అతనికి కింది హద్దే తప్ప పై హద్దు లేదు కదా! తింటున్నంతసేపూ ఆ పరుగెత్తే పిల్లలు అతన్ని చూసిన చూపు నేను మరచిపోలేను.

సాయంత్రం పోటీలు. తేలిక బరువుతో మొదలుపెట్టి పైకి పోతారు. హెవీవెయిట్ ఎప్పుడూ ఆఖరు. ముందు ఆడిన పిల్లలు చకచకా కొట్టుకుంటారు, కళ్ళకి ఆనదు. ఆఖరుకి వీళ్ళెక్కితే రింగు పలకలు కిర్రుమంటాయి. కోచ్ మోకాళ్ళ మీద కూర్చుని ఆ వంటమనిషి చేతికి గుడ్డ పట్టీ చుట్టాడు. బొటనవేలికి ఒక మెలిక, మణికట్టుకి రెండు చుట్లు, వేళ్ళ మధ్యలోంచి లాగి మళ్ళీ మణికట్టు. పిడికిలి బిగించమన్నాడు, విప్పమన్నాడు, మళ్ళీ బిగించమన్నాడు. గంట కొట్టాక మొదటి నిమిషం ఇద్దరూ ఒకళ్ళ చుట్టూ ఒకళ్ళు తిరగడమే. తర్వాత ఒక ఎడమచేతి దెబ్బ పడింది. ఆ చప్పుడు నా చెవికి కాదు, కడుపుకి వినిపించింది. టీవీలో ఆ చప్పుడు రాదు. ఎంత పెద్ద స్క్రీను కొనుక్కోండి, రాదు.

మన దేశానికి ఆ చప్పుడు నేర్పింది హవా సింగ్. హర్యానాలో భివానీ ప్రాంతం, సైన్యంలో సిపాయి. 1966లో బ్యాంకాక్ ఏషియాడ్‌లో హెవీవెయిట్ బంగారం. 1970లో మళ్ళీ బ్యాంకాక్‌లోనే మళ్ళీ బంగారం. అరవైల మొదట్నుంచి వరసగా పదకొండేళ్ళు జాతీయ ఛాంపియన్. ఇవాళ భివానీని బాక్సింగ్ ఊరు అంటున్నారంటే ఆ పునాది రాయి ఆయనది. ద్రోణాచార్య అవార్డు ప్రకటించాక, చేతికి అందకముందే 2000 ఆగస్టులో పోయాడు. మన ప్రభుత్వాలు గౌరవించడంలో ఎప్పుడూ ఒక రౌండు ఆలస్యం.

ఆయన తర్వాతివాడు కౌర్ సింగ్. పంజాబ్‌లో సంగ్రూర్ జిల్లా, ఖనాల్ ఖుర్ద్ అనే పల్లె. వ్యవసాయ కుటుంబం. సైన్యంలో చేరాకనే గ్లవ్స్ తొడిగాడు. ఈ కాలంలో ఆరేళ్ళకే అకాడమీలో చేర్పించకపోతే పిల్లాడి జీవితం పోయినట్టే అని బెంగపడే తల్లిదండ్రులు ఈ సంగతి విని కాస్త మంచినీళ్ళు తాగండి. 1980 జనవరిలో మహమ్మద్ అలీ ఇండియా వచ్చినప్పుడు ఢిల్లీలో నాలుగు రౌండ్ల ఎగ్జిబిషన్ పోటీలో ఆయన ఎదుట నిలబడ్డది ఈ కౌర్ సింగే. ఆ పర్యటనలోనే అలీ మద్రాసుకీ వచ్చాడు. ఎంజీఆర్ పక్కన నిలబడ్డ ఫోటో పేపర్లో పడింది. హైదరాబాద్ రాలేదని మా టర్నర్ వారం రోజులు ఎవరితోనూ సరిగ్గా మాట్లాడలేదు. పాతబస్తీలో అలీ ఫోటో లేని టీ కొట్టు లేదు, అలాంటి ఊరిని వదిలేసి పోతాడా అని ఆయన కోపం.

ఇక 1982. ఢిల్లీ ఏషియాడ్, అప్పూ ఏనుగు, నవంబరు 19 నుంచి డిసెంబరు 4 దాకా. మా వీధి మొత్తానికి ఒకటే టీవీ. పక్కన కుషాయిగూడలో ఈసీఐఎల్ వాళ్ళు చేసిన ఈసీ టీవీ. చెక్క పెట్టె, ముందు మడత తలుపు, ఆ తలుపుకి తాళం. ఇంటాయన ఆ తాళం తీసే వేళకి మేము అప్పటికే చాపలు పరిచి కూర్చుని ఉండేవాళ్ళం. యాంటెన్నా తిప్పడానికి ఒక కుర్రాడు డాబా మీద, "వచ్చింది, వచ్చింది, పోయింది, కొంచెం సికింద్రాబాద్ వైపు తిప్పు" అని అరవడానికి ఒకడు కిటికీ దగ్గర. డిసెంబరు ఒకటిన హాకీ ఫైనల్లో పాకిస్తాన్ చేతిలో ఏడు ఒకటితో ఓడిపోయాం. నాచారం మొత్తం ఆ రాత్రి అన్నం మానేసింది. పోస్ట్‌మార్టం ఎన్ని రోజులు నడిచిందో చెప్పలేను. ఆ ఏడుపులో కౌర్ సింగ్ హెవీవెయిట్ బంగారం కొట్టాడన్న సంగతి మా క్యాంటీన్‌లో ఇద్దరికే పట్టింది. టర్నర్‌కీ, నాకూ. ఇద్దరం కలిసి మా షాపు ఫోర్‌మన్ చూడకుండా మిక్చర్ పొట్లం ఒకటి పంచుకున్నాం. ఆ బంగారానికి మా నాచారంలో జరిగిన సన్మానం అంతే.

ఆ తర్వాత మాలాంటివాళ్ళు బెంగపడే రోజులు మొదలయ్యాయి. 1984లో తలకి హెల్మెట్ పెట్టారు. సరే, పిల్లల తలలు, పెట్టుకోనీ అనుకున్నాం. 2013 వచ్చేసరికి మగవాళ్ళకి మళ్ళీ తీసేశారు. పెట్టింది ఎందుకు, తీసింది ఎందుకు అని అడిగితే రెండు సార్లూ ఆరోగ్యం కోసమే అన్నారు. రౌండ్లు మార్చారు. సిడ్నీ 2000 నుంచి బీజింగ్ 2008 దాకా నాలుగు రౌండ్లు, రెండేసి నిమిషాలు. మళ్ళీ మూడు మూళ్ళకే వచ్చారు. మార్కులు మార్చారు. మా రోజుల్లో రింగు చుట్టూ అయిదుగురు జడ్జీలు కాగితం మీద పెన్నుతో వేసేవారు. 1988లో సియోల్‌లో రాయ్ జోన్స్ అనే అమెరికా కుర్రాడు ఎదుటివాణ్ణి ఉతికి ఆరేస్తే, గెలుపు ఎదుటివాడికి ఇచ్చారు. ఆ ఎదుటివాడు ఆతిథ్య దేశం మనిషి. ప్రపంచమంతా ఛీ అంది. అవును, మా రోజుల్లోనూ మోసం ఉంది. కాకపోతే చేత్తో రాసేవాళ్ళు, ఎవరు రాశారో తెలిసేది.

దానికి మందుగా 1992 బార్సెలోనాలో కంప్యూటర్ తెచ్చారు. అయిదుగురిలో ముగ్గురు ఒక్క సెకను లోపల మీట నొక్కితేనే దెబ్బ లెక్క. ఇది హెవీవెయిట్‌ని ముంచిన పద్ధతి. చిన్న బరువువాడు టపటపా తాకించి పాయింట్లు ఏరుకుంటాడు. పెద్ద బరువువాడు ఒక దెబ్బ కోసం రెండు నిమిషాలు కాచుకుంటాడు, అది పడితే ఎదుటివాడి మోకాళ్ళు వంగుతాయి. కంప్యూటర్‌కి రెండూ ఒకటే, ఒక పాయింటు. మనిషి పడిపోతున్నా ఒకటే, చెంప నిమిరినా ఒకటే! ఇరవై ఏళ్ళు అట్లా ఆడించి, 2013లో తీసేసి రౌండుకి పది మార్కుల లెక్కకి వచ్చారు. ఆ నడమ ఎంతమంది పెద్ద పిల్లలు చేతులు దించుకుని ఇంటికి పోయారో. ఇక సంఘాల గొడవ చెప్పను, చెబితే తెల్లారుతుంది. పాత ప్రపంచ సంఘానికి 2023లో ఒలింపిక్ కమిటీ గుర్తింపు తీసేసింది. 2025లో కొత్త సంఘాన్ని ఒప్పుకుని, లాస్ ఏంజెల్స్ 2028లో బాక్సింగ్ ఉంటుందని తేల్చింది. అంతదాకా ఆట ఉంటుందో ఊడుతుందో తెలియక కోచ్‌లు గోళ్ళు కొరుక్కున్నారు.

అంతర్జాతీయ ఆటలు మా ఊరికే నడిచొచ్చిన ముచ్చట కూడా ఉంది. ఆఫ్రో ఏషియన్ క్రీడలు. 1983లో ఢిల్లీలో జరగాల్సినవి వాయిదా మీద వాయిదా పడి, 2003 అక్టోబరు 24న హైదరాబాద్‌లో మొదలయ్యాయి. రెండు ఖండాల నుంచి జనం దిగారు, ఎనిమిది ఆటలు, వాటిలో బాక్సింగ్ ఒకటి. విజేందర్ సింగ్ అనే కుర్రాడు, ఇంకా జూనియరే, ఇక్కడే వెండి పతకం కొట్టుకుని పోయాడు. అయిదేళ్ళ తర్వాత బీజింగ్‌లో కంచు గెలిచి దేశంలోనే మొదటి ఒలింపిక్ బాక్సింగ్ పతకం తెచ్చింది అతనే. ఆ ఆటల పతకాల పట్టికలో చైనా మొదటి స్థానం, మనం రెండో స్థానం. నవంబరు ఒకటిన ముగించి జెండా దించారు. మళ్ళీ ఎక్కించలేదు. 2007లో అల్జీరియాలో అన్నారు, జరగలేదు. మొదటిదీ ఆఖరుదీ మన హైదరాబాద్‌దే. 2007లోనే ప్రపంచ సైనిక క్రీడలు కూడా ఇక్కడ జరిగాయి.

అయితే చూడండి, వచ్చిందంతా ఎక్కడికి పోయింది? గచ్చిబౌలికి. స్టేడియం అటు, ఈత కొలను అటు, హంగూ ఆర్భాటం అటు. ఉప్పల్ నుంచి గచ్చిబౌలికి పోవాలంటే అప్పుడు మెట్రో లేదు, ఇప్పుడున్న మెట్రో రాయదుర్గంలో దించేస్తుంది. సూర్యుడు ఉదయించేది మా వైపు, వెలుగంతా అస్తమించే వైపు. మాకు ఏమిచ్చారయ్యా అంటే క్రికెట్ స్టేడియం ఇచ్చారు. 2005 నవంబరులో సౌతాఫ్రికాతో మొదటి వన్డే. అప్పట్నుంచి మ్యాచ్ ఉన్న రోజు హబ్సిగూడ నుంచి ఉప్పల్ దాకా రోడ్డు మీద నడవడానికి కూడా టికెట్ కావాలేమో అనిపిస్తుంది. ఐపీఎల్ నెలల్లో వీధి వీధంతా నారింజ రంగు. క్రికెట్ మీద నాకు కోపం లేదు. అంత స్థలంలో, అంత సిమెంటులో, ఒక మూల ఇరవై అడుగుల చదరం ఎవరికీ మిగల్లేదా అన్నదే కోపం. ఉప్పల్‌లో రింగు అంటే రోడ్డే.

ఆ ఖాళీని జిమ్ములు నింపాయి. హెచ్ఎంటీ నగర్ నుంచి నడుచుకుంటూ రండి, బేకరీలెన్నో జిమ్ములు దాదాపు అన్ని. అద్దాల గోడలు, లోపల ఏసీ, గోడ మీద ఎవరో ఇంగ్లీషువాడి కండల బొమ్మ. బయట బైకు హ్యాండిల్‌కి ఎర్ర బాక్సింగ్ గ్లవ్స్ వేలాడుతుంటాయి. మా మనవడు కూడా అక్కడే. తొంభై మూడు కిలోలు, అయిదడుగుల పదకొండు.

"ఎవర్నిరా కొట్టడానికి ఈ గ్లవ్స్?" అన్నాను.

"ఎవర్నీ కాదు తాతా, కార్డియోకి. ఇప్పుడు బల్కింగ్‌లో ఉన్నా, వచ్చే నెల నుంచి కటింగ్."

"ఎవడైనా ఎదురు నిలబడి కొడతాడా అక్కడ?"

"అమ్మో, కాంటాక్ట్ ఉండదు తాతా. సేఫ్."

మూడు వేల పైన పోసి కొన్న గ్లవ్స్ అవి. ఇంతవరకూ ఒక్క ముక్కుని తాకి ఎరగవు. ఎదురుగా సంచి వేలాడుతుంది, వీడు కొడతాడు, అది తిరిగి కొట్టదు. తిరిగి కొట్టనిదాన్ని కొట్టి గెలిచినవాడు ప్రపంచంలో ఎవడున్నాడు? కొట్టించుకోవడం నేర్చుకోవడమే బాక్సింగ్‌లో మొదటి పాఠం. దెబ్బ తగిలాక కళ్ళు మూసుకోకుండా ఉండటం రెండోది. ఈ రెండూ ఏ డబ్బా పొడిలోనూ కలిపి అమ్మరు.

సినిమాలు ఇంకో రోగం. మనవాళ్ళు బాక్సింగ్ సినిమాలు తీయకపోలేదు. వెంకటేష్ "గురు", వరుణ్ తేజ్ "గని" వచ్చాయి. బాక్సింగ్‌ని కాస్త దాటి మరో కొట్లాటతో "లైగర్" వచ్చింది. వాటిని చూసిన పిల్లలకి బాక్సర్ అంటే పొట్ట మీద ఆరు పలకలు. కౌర్ సింగ్ పాత ఫోటోలు చూడండి, పలకలు గిలకలు ఏమీ లేవు. వెడల్పాటి భుజాలు, రైతు చేతులు, మందపాటి నడుము. హెవీవెయిట్‌కి నడుము సన్నగా ఉంటే దెబ్బ ఎక్కడి నుంచి పుడుతుందయ్యా? దెబ్బ పుట్టేది పాదంలో, తిరిగేది నడుములో, పిడికిలి చేసేది దాన్ని అప్పగించడమే.

ఇంత తిట్టాక ఇప్పటివాళ్ళలో ఒకరిద్దరికి దణ్ణం పెట్టకపోతే పాపం తగులుతుంది. సతీష్ కుమార్. ఉత్తరప్రదేశ్‌లో బులంద్‌షహర్ వైపు మనిషి, ఇతనూ సైన్యమే. టోక్యో ఒలింపిక్స్‌లో మన దేశం నుంచి సూపర్ హెవీవెయిట్‌లో దిగిన మొదటివాడు. మొదటి పోటీలో జమైకావాణ్ణి ఓడించాడు కానీ ముఖం చిట్లి పదమూడు కుట్లు పడ్డాయి. ఆ కుట్లతోనే క్వార్టర్ ఫైనల్లో ఉజ్బెకిస్తాన్ జలోలోవ్ ముందు నిలబడ్డాడు. అప్పటి ప్రపంచ ఛాంపియన్ వాడు, టోక్యోలోనూ పారిస్‌లోనూ బంగారం వాడిదే. సతీష్ ఓడిపోయాడు. అయిదుగురు జడ్జీలూ అటే వేశారు. కానీ మూడు రౌండ్లూ కాళ్ళ మీద నిలబడే ఓడాడు. ఆ పోటీ చూస్తున్నంతసేపూ మా టర్నర్ బతికి ఉంటే ఎంత బాగుండేదనుకున్నాను. 2021లోనే దుబాయ్‌లో సంజీత్ అనే కుర్రాడు తొంభై ఒక్క కిలోల్లో ఆసియా ఛాంపియన్‌షిప్ గెలిచాడు. హాంగ్‌జౌ ఏషియాడ్‌లో నరేందర్ కంచు తెచ్చాడు. అంటే నిప్పు ఆరలేదు, బూడిద కింద ఉంది.

రెండో దణ్ణం ఎవరికో వింటే మీసాలున్నవాళ్ళకి కోపం రావచ్చు. 2025 సెప్టెంబరులో లివర్‌పూల్‌లో ప్రపంచ పోటీలు జరిగాయి. మన మగపిల్లలు ఉత్త చేతులతో తిరిగొచ్చారు. ఆడపిల్లలు నాలుగు పతకాలు పట్టుకొచ్చారు. అందులో ఎనభై కిలోల పైన, అంటే అన్నిటికంటే పెద్ద బరువులో వెండి తెచ్చిన అమ్మాయి నుపుర్. ఎవరనుకున్నారు? హవా సింగ్ మనవరాలు! తాత ఆస్తి మనవడికే పోవాలని ఎక్కడ రాసుంది? ఆడపిల్లలు రింగెక్కడమేమిటి అని మా రోజుల్లో మాలో చాలామంది అన్నారు. ఆ మాట అన్న నోళ్ళు ఇప్పుడు పళ్ళు లేక మూసుకున్నాయి, మంచిదే.

కౌర్ సింగ్ సంగతి పూర్తి చేయలేదు. అర్జున అవార్డు వచ్చింది, 1983లో పద్మశ్రీ వచ్చింది. ముసలితనంలో గుండె జబ్బుకి మందులకి అప్పు చేయాల్సి వచ్చిందని 2017లో పేపర్లో పడింది. అది చదివాక సైన్యమూ, ఇంకొందరూ సాయం చేశారు. పేపర్లో పడకపోయి ఉంటే? 2023 ఏప్రిల్‌లో పోయాడు. ఈ ఒక్క విషయంలో మాత్రం మా రోజులు బాగుండేవని నేను చచ్చినా అనను. ఇప్పుడు మన నిజామాబాద్ అమ్మాయి నిఖత్ జరీన్ ప్రపంచ ఛాంపియన్ అయితే తెలంగాణ ప్రభుత్వం రెండు కోట్లిచ్చింది, ఇంటి స్థలమిచ్చింది, డీఎస్పీ ఉద్యోగమిచ్చింది. ఇవ్వాలి. అలాగే ఇవ్వాలి. అదే నిజామాబాద్ కుర్రాడు హుసాముద్దీన్ కామన్వెల్త్‌లో రెండు సార్లు కంచు, 2023 ప్రపంచ పోటీల్లో కంచు తెచ్చాడు.

ఇక్కడే నా అసలు కడుపుమంట. నిఖత్ బరువు యాభై కిలోల చుట్టుపక్కల. హుసాముద్దీన్ యాభై ఏడు. విశాఖపట్నం పంపిన బాక్సర్ ఉషా కూడా తేలిక బరువే. తెలుగువాళ్ళం చిన్న బరువుల్లో ప్రపంచాన్ని కొట్టాం, పెద్ద బరువులో ఏషియాడ్ పతకం మెళ్ళో వేసుకున్న తెలుగు మగవాణ్ణి నేను చూడలేదు. బలం లేక కాదు. గుండె మీద ఏనుగుని ఎక్కించుకున్న కోడి రామ్మూర్తి నాయుడు మనవాడు. సిడ్నీలో బరువులెత్తి కంచు తెచ్చిన కరణం మల్లీశ్వరి మన ఆడబిడ్డ. పెద్ద ఒళ్ళున్న పిల్లాడు కనబడితే మనం వాణ్ణి ఏం చేస్తాం? "లావుగాడు" అని పేరు పెడతాం. ఫోటోలో వెనక వరసలో నిలబెడతాం. డైటింగ్ అంటాం. పదో తరగతి కాగానే ఇంజనీరింగ్ కోచింగ్‌లో కూర్చోబెడతాం. హర్యానాలో అదే పిల్లాడు కనబడితే చెయ్యి పట్టుకుని రింగు దగ్గరికి తీసుకుపోతారు. తేడా అక్కడ.

ఇంకో రహస్యం చెబుతాను వినండి. పెద్ద బరువుల్లో పోటీకి దిగేవాళ్ళు తక్కువ. చిన్న బరువుల్లో పతకం దాకా పోవాలంటే గెలుస్తూనే ఉండాలి. హెవీవెయిట్‌లో చాలాసార్లు రెండు గెలిస్తే సెమీఫైనల్. బాక్సింగ్‌లో సెమీస్‌లో ఓడిన ఇద్దరికీ కంచు ఇస్తారు. అంటే గుండె ధైర్యం ఉన్న తొంభై కిలోల కుర్రాడికి ఇంతకంటే దగ్గర దారి ఇంకో ఆటలో లేదు. ఆ దారి మొదలయ్యే గుమ్మం మా ఉప్పల్ నాచారం వైపు లేదు, అంతే.

కాబట్టి మా వైపు ఎన్నికైన పెద్దలకీ, ఫ్యాక్టరీల యజమానులకీ ఒక మనవి. స్టేడియం అక్కర్లేదు, ఏసీ అక్కర్లేదు, శిలాఫలకం మీద మీ పేరు ఎంత పెద్దదైనా వేసుకోండి. నాచారంలో మూతబడ్డ షెడ్లు ఉన్నాయి. ఒక షెడ్డులో నాలుగు తాళ్ళ రింగు, రెండు సంచులు, ఒక త్రాసు, తిట్టడం తెలిసిన ఒక కోచ్. మిలిటరీ నుంచి రిటైరైనవాళ్ళు అడిగితే వస్తారు. అమ్మానాన్నలకి ఇంకో మనవి. మీ ఇంట్లో తొంభై కిలోల పిల్లాడుంటే వాడి కంచంలో అన్నం తగ్గించకండి, నాకు కబురు పెట్టండి. మా మనవణ్ణి ముందు వరసలో నిలబెట్టే పూచీ నాది. వాడికింకా చెప్పలేదు, రింగు కట్టాక చెబుతాను. కొబ్బరికాయ కూడా నేనే తెస్తాను.